వాహన ప్రమాద గాయాల ఫాలో-అప్ విజిట్లకు మెడికల్ కోడింగ్: తరచుగా అడిగే ప్రశ్నలు

అమెరికాలో జరిగిన వాహన ప్రమాదాల చార్టులను, అంటే రోగుల వైద్య రికార్డులను, హైదరాబాదులోనో విశాఖపట్నంలోనో కూర్చొని బీమా క్లెయిముల కోసం కోడ్ చేసేవారికి మొదటి విజిట్ అంతగా ఇబ్బంది పెట్టదు. తరువాతి విజిట్లు వచ్చేసరికి మాత్రం అవే సందేహాలు ప్రతి బ్యాచ్‌లోనూ తిరిగి తలెత్తుతున్నాయి. అందువల్ల వాటిని చికిత్స దశల వారీగా ఇక్కడ కూర్చాము. జవాబులు ఐసీడీ-10-సీఎం (రోగ నిర్ధారణల కోడ్లు) అధికారిక మార్గదర్శకాలను, సీపీటీ (వైద్య సేవల కోడ్లు) నియమాలను అనుసరించి ఉన్నాయి. ఏ జవాబుకు ఆ జవాబు విడిగా చదువుకోవచ్చు. కోడ్లలోని అక్షరాలను పలికే తీరులోనే తెలుగులో రాశాము.

## చార్ట్ తెరిచినప్పుడు

నోట్‌లో "ఫాలో-అప్" అని ఉంటే సెవెంత్ క్యారెక్టర్ (కోడ్ చివర ఏడో స్థానంలో వచ్చే అక్షరం) "డి" వేసేయవచ్చా?

వేయకూడదు. ఈ ఒక్క అలవాటు వల్ల వచ్చే ఆడిట్ తప్పులు మిగతా వాటన్నిటికంటే ఎక్కువని మా అభిప్రాయం. "ఎ" అన్నది మొదటి విజిట్‌కు గుర్తు కాదు, "డి" అన్నది రెండో విజిట్‌కు గుర్తు కాదు. గాయానికి క్రియాశీల చికిత్స, అంటే కోడర్లు యాక్టివ్ ట్రీట్‌మెంట్ అనేది, జరుగుతున్నంత కాలం "ఎ" వేయాలి. ఆ చికిత్స ముగిసి, గాయం మానే దశలో మామూలు పర్యవేక్షణ కోసం రోగి వస్తున్నప్పుడు "డి" వేయాలి. ఉదాహరణకు, ప్రమాదం జరిగిన రెండు వారాలకు మెడ నొప్పితో వచ్చిన రోగిని డాక్టరు కొత్తగా పరీక్షించి, ఎంఆర్‌ఐ రాసి, మందులు మొదలుపెట్టి, నిపుణుడి దగ్గరకు పంపితే అది ఇంకా చికిత్స దశే. అదే రోగి నెల తరువాత వచ్చినప్పుడు నొప్పి తగ్గుతోందని, అదే ప్రణాళిక కొనసాగించాలని నోట్‌లో ఉంటే అది కోలుకునే దశ. కాబట్టి విజిట్ శీర్షికను కాకుండా అసెస్‌మెంట్, ప్లాన్ భాగాలను చదివి నిర్ణయించాలి.

రోగి మా డాక్టరు దగ్గరకు రావడం ఇదే మొదటిసారి. అయితే "ఎ" కదా?

డాక్టరుకు రోగి కొత్తా పాతా అన్నదానికీ సెవెంత్ క్యారెక్టర్‌కూ సంబంధం లేదు. వేరొక ఊరిలో ఆపరేషన్ చేయించుకొని, ఇంటికి దగ్గరగా ఉన్న ఆర్థోపెడిక్ సర్జన్ వద్ద కట్టు మార్పించుకోవడానికి వచ్చిన రోగికి మొదటి విజిట్‌లోనే "డి" పడుతుంది. దానికి భిన్నంగా, ఎమర్జెన్సీలో స్ప్లింట్ వేసి పంపిన ఎముక విరుగుడును (ఫ్రాక్చర్‌ను) సర్జన్ చూసి, ఆపరేషన్ చేయాలా వద్దా అని నిర్ణయించే విజిట్‌కు "ఎ" పడుతుంది. వేరే డాక్టరు కొనసాగించే మూల్యాంకనం, చికిత్స కూడా క్రియాశీల చికిత్స కిందకే వస్తాయని మార్గదర్శకాలు స్పష్టంగా చెబుతున్నాయి.

ప్రమాదం జరిగింది కానీ గాయమేమీ లేదని డాక్టరు తేల్చారు. ఏ కోడ్ వేయాలి?

ఫిర్యాదు, లక్షణం, గాయం ఏవీ లేనప్పుడు మాత్రమే జెడ్04.1 వేయాలి, ఇది రవాణా ప్రమాదం తరువాతి పరీక్షకూ పరిశీలనకూ ఉద్దేశించిన కోడ్. రోగికి తలనొప్పో నడుము నొప్పో ఉందని రాసి ఉంటే ఆ లక్షణాన్నే కోడ్ చేయాలి.

డాక్టరు "విప్లాష్" అని మాత్రమే రాశారు. బెణుకా, కండరం పట్టడమా?

ఇండెక్స్ ప్రకారం విప్లాష్ మెడ లిగమెంట్ల బెణుకు కిందకు, అంటే ఎస్13.4కు వెళుతుంది. దీనికి అయిదు, ఆరు స్థానాల్లో ఎక్స్ నింపి ఎస్13.4ఎక్స్‌ఎక్స్‌ఎ లేదా ఎస్13.4ఎక్స్‌ఎక్స్‌డి అని పూర్తి చేయాలి. మెడ కండరానికి స్ట్రెయిన్ అని డాక్టరు స్వయంగా రాస్తే ఎస్16.1 వర్తిస్తుంది. కేవలం "ప్రమాదం తరువాత మెడ నొప్పి" అని ఉంటే ఎం54.2 దాటి వెళ్లకూడదు. అవుట్‌పేషెంట్ చార్టులో "బహుశా", "అనుమానం", "రూల్ అవుట్" అని రాసిన నిర్ధారణలను కోడ్ చేయడానికి వీల్లేదు. అవసరమైతే డాక్టరుకు క్వెరీ (స్పష్టత కోరే ప్రశ్న) పంపాలి. ఆ క్వెరీ కూడా ఫలానా జవాబు రాయమని సూచించేదిగా ఉండకూడదు.

## కోలుకునే దశలో

ఫాలో-అప్‌కు జెడ్ ఆఫ్టర్‌కేర్ కోడ్ వేస్తే ఆడిటర్ ఎందుకు తప్పు పట్టారు?

గాయాల ఆఫ్టర్‌కేర్‌కు, అంటే చికిత్స తరువాతి సంరక్షణకు, జెడ్ కోడ్లు వాడకూడదని మార్గదర్శకం నేరుగా చెబుతోంది. మొదటి రోజు వేసిన గాయం కోడ్‌నే ఉంచి, చివరి అక్షరాన్ని మాత్రం "డి"గా మార్చాలి. ఈ పొరపాటుకు మూలం పాత పద్ధతిలో ఉంది. 2015 సెప్టెంబరు వరకు అమలులో ఉన్న ఐసీడీ-9లో విరిగిన ఎముక ఆఫ్టర్‌కేర్‌కు వి54 వర్గం ఉండేది. 2015 అక్టోబరు 1 నుంచి వచ్చిన ఐసీడీ-10-సీఎంలో వి అక్షరం రవాణా ప్రమాదాల కారణాలకు కేటాయించారు. పాత పుస్తకంతో వృత్తి నేర్చుకున్న సీనియర్లు మాటవరసకు "వి కోడ్" అన్నప్పుడు దేని గురించి అంటున్నారో ఒకసారి అడిగి తెలుసుకోవడం మంచిది.

కుట్లు విప్పడానికో ప్లేటు తీయించుకోవడానికో వచ్చారు. వీటికైనా జెడ్ కోడ్ ఉంటుంది కదా?

కోడ్లు ఉన్నాయి కానీ ఈ సందర్భానికి కావు. ప్రమాదంలో తెగిన గాయానికి వేసిన కుట్లు విప్పితే ఆ గాయం కోడ్‌కే "డి" చేర్చాలి. లోపలి పరికరం తొలగింపుకు ఉన్న జెడ్47.2 కింది ఎక్స్‌క్లూడ్స్1 గమనిక (ఆ కోడ్‌తో కలిపి వేయకూడనివి చెప్పేది), ఎముక విరుగుడుకు అమర్చిన లోపలి పరికరాన్ని తొలగించే సందర్భాన్ని విరుగుడు కోడ్‌కే పంపుతుంది.

ఫిజియోథెరపీ, కైరోప్రాక్టిక్ (వెన్నెముకను చేతులతో సర్దే చికిత్స) విజిట్లకు ఏ అక్షరం?

ఫిజియోథెరపీ సాధారణంగా పునరావాసంలో భాగం కాబట్టి "డి" వేస్తారు. ఫిజియోథెరపీ చదివి కోడింగ్‌లోకి వచ్చిన మన కోడర్లలో కొందరు దీనిని ఒప్పుకోరు. రోగికి అసలు చికిత్స మేమే చేస్తున్నాము కదా అంటారు. చికిత్సగా దాని విలువను ఎవరూ కాదనడం లేదు గానీ, వర్గీకరణ చూసేది గాయం మానే ప్రక్రియలో ఈ విజిట్ ఏ దశలో ఉందన్నదాన్నే. కైరోప్రాక్టిక్ విషయం అంత సూటిగా ఉండదు. ప్రమాదం తరువాత రోగి నేరుగా కైరోప్రాక్టర్ దగ్గరకే వెళ్లి, అక్కడే మూల్యాంకనం, చికిత్స ప్రారంభమైతే "ఎ" సమర్థనీయమే. వారాల తరబడి సాగే సర్దుబాట్లలో ఎక్కడ "డి"కి మారాలన్నది చికిత్స ప్రణాళికను బట్టి, పేయర్ (డబ్బు చెల్లించే బీమా సంస్థ) లిఖిత విధానాన్ని బట్టి తేల్చుకోవాలి. వరుసగా ఇరవై విజిట్లకు "ఎ" వేసి పంపే క్లెయిములు సమీక్షలో నిలబడటం కష్టం.

ఒకే ప్రమాదంలో మూడు గాయాలు. ఒకటి మానింది, ఇంకొకదానికి చికిత్స నడుస్తోంది. అన్నిటికీ ఒకే అక్షరం ఉండాలా?

ఉండనక్కరలేదు. ప్రతి గాయం దాని దశను బట్టి విడిగా నిర్ణయమవుతుంది. ఒకే విజిట్‌లో మణికట్టు విరుగుడుకు "డి", కొత్తగా చికిత్స మొదలైన మోకాలి బెణుకుకు "ఎ" రావచ్చు. పూర్తిగా మానిపోయి ఆ రోజు డాక్టరు పట్టించుకోని గాయాన్ని జాబితాలో లాగకూడదు. ఆ రోజు చికిత్స ప్రధానంగా దేని మీద కేంద్రీకరించిందో, డాక్టరు దేనిని తీవ్రమైనదిగా భావించారో అది మొదట వస్తుంది. అదే చోట పెద్ద గాయం ఉన్నప్పుడు గీరుకుపోవడం, కమిలిపోవడం వంటి పైపై గాయాలను కోడ్ చేయరు.

పూర్తిగా తగ్గిపోయిందని డాక్టరు రాసిన చివరి విజిట్‌కు?

చికిత్స ముగిసి, గాయం ఇక లేదని తేలి, కేవలం నిర్ధారణ కోసం జరిగిన పరీక్ష అయితే జెడ్09 వేసి, తగిన పూర్వచరిత్ర కోడ్ చేర్చాలి. మానిన ఎముక విరుగుడుకు అది జెడ్87.81. "బాగా మానుతోంది" అన్న మాటకూ "మానింది" అన్న మాటకూ తేడా ఉంది. మొదటిది ఇంకా "డి" దశే.

## గాయం అనుకున్నట్టు మానకపోతే

ఎముక విరుగుళ్లకు ఇన్ని అక్షరాలెందుకు? ఎలా గుర్తుపెట్టుకోవాలి?

ఇతర గాయాలకు "ఎ", "డి", సీక్వెలాకు "ఎస్" అన్న మూడే అక్షరాలు సరిపోతాయి. విరిగిన ఎముక విషయంలో అది ఎలా అతుక్కుంటోందో కూడా చెప్పాలి. మూసిన విరుగుడు సవ్యంగా అతుక్కుంటుంటే "డి", ఆలస్యమవుతుంటే "జి", అతుక్కోకపోతే "కె", వంకరగా అతుక్కుంటే "పి". ముంజేయి, తొడ, పిక్క ఎముకల వంటి పొడవైన ఎముకల్లో చర్మం చీల్చుకొని బయటపడిన విరుగుళ్లకు వాటి తీవ్రతను చెప్పే గస్టిలో వర్గీకరణను బట్టి మరిన్ని అక్షరాలున్నాయి: ఒకటి, రెండు రకాలకు వరుసగా "ఇ", "హెచ్", "ఎం", "క్యూ", మూడో రకానికి "ఎఫ్", "జె", "ఎన్", "ఆర్". వీటిని కంఠస్థం చేయడం కంటే ప్రతి వర్గం పైన ఉన్న పెట్టెను చూడటం క్షేమం, ఎందుకంటే అన్ని వర్గాలకూ అన్ని అక్షరాలూ లేవు. పుర్రె, మెడ వెన్నుపూసలు, పక్కటెముకలు, కటి ఎముకల వర్గాల్లో "పి" అక్షరమే ఉండదు. నోట్‌లో మూసినదా తెరిచినదా అని లేకపోతే మూసినదిగా, స్థానం తప్పిందా లేదా అని లేకపోతే తప్పినదిగా తీసుకోవాలి. అయితే "అతుక్కోలేదు" అన్న నిర్ధారణ మాత్రం డాక్టరు మాటల్లో ఉండి తీరాలి. ఎక్స్‌రే రిపోర్టులో గీత ఇంకా కనిపిస్తోందన్నంత మాత్రాన కోడర్ "కె" వేయరాదు.

ప్రమాదం జరిగిన మూడు నెలలకు మొదటిసారి వైద్యానికి వచ్చారు, ఎముక అతుక్కోలేదు. "కె"నా?

కాదు. చికిత్సకు ఆలస్యంగా వచ్చిన రోగికి, ఎముక అతుక్కోని స్థితిలో వచ్చినా సరే, ప్రారంభ దశ అక్షరమే వేయాలని నియమం. మూసిన విరుగుడైతే "ఎ" పడుతుంది. ముందు చికిత్స తీసుకొని, ఆ తరువాత అతుక్కోని రోగికి మాత్రమే "కె" వర్తిస్తుంది. దాన్ని సరిచేయడానికి మళ్లీ ఆపరేషన్ చేసినా "కె"యే ఉంటుంది.

లోపల వేసిన ప్లేటుకు ఇన్ఫెక్షన్ వచ్చింది. విరుగుడుకు "డి" నడుస్తుండగా దీనికి "ఎ" వేస్తే విరుద్ధంగా ఉండదా?

ఉండదు. కాంప్లికేషన్ కోడ్లలో క్రియాశీల చికిత్స అంటే ఆ కోడ్ చెప్పే సమస్యకు జరిగే చికిత్స. కుడి పిక్క ఎముకలోని పరికరం ఇన్ఫెక్షన్‌కు చికిత్స నడుస్తుంటే, అసలు ప్రమాదం ఎంత పాతదైనా, టి84.622ఎ సరైనదే.

సీక్వెలా "ఎస్" ఎప్పుడు? ఏది ముందు, ఏది వెనుక?

గాయం తీవ్ర దశ ముగిసిపోయి, దాని ఫలితంగా వేరొక స్థితి మిగిలినప్పుడు దానిని సీక్వెలా అంటారు. దీనికి కాలపరిమితి లేదు. ఆరు నెలలు దాటితేనే సీక్వెలా అన్న మాట ఆఫీసుల్లో తిరుగుతుంటుంది గానీ అది నియమం కాదు. కోడ్లు రెండు కావాలి. ఇప్పుడున్న స్థితి ముందు, దానికి మూలమైన గాయం "ఎస్" అక్షరంతో వెనుక. కుడి మోకాలి దగ్గర టిబియా బైకాండైలర్ విరుగుడు మానిన కొన్నేళ్లకు ఆ కీలు అరిగిపోతే ఎం17.31 ముందు, ఎస్82.141ఎస్ తరువాత. ముఖం మీది గాయం మచ్చగా మిగిలితే ఎల్90.5 ముందు వస్తుంది. "ఎస్" అక్షరం గాయం కోడ్‌కే గాని మిగిలిన స్థితి కోడ్‌కు చేరదు.

తలకు దెబ్బ తగిలిన రెండు నెలలకు కూడా తలనొప్పి, మతిమరుపు ఉన్నాయంటున్నారు. కంకషన్ కోడ్ కొనసాగించాలా?

డాక్టరు ఏమి నిర్ధారించారో దాన్ని బట్టి ఉంటుంది. కంకషన్ నుంచి కోలుకుంటున్నారని రాస్తే ఎస్06.0 వర్గంలోని కోడ్‌కు "డి" చేర్చాలి. స్పృహ కోల్పోలేదా, అరగంట లోపు కోల్పోయారా, ఎంతసేపో తెలియదా అన్నదాన్ని బట్టి ఆరో స్థానం మారుతుంది. అసలు కోల్పోయారో లేదో తెలియని సందర్భానికి 2022 అక్టోబరు నుంచి ప్రత్యేక కోడ్ వచ్చింది. పోస్ట్ కంకషన్ సిండ్రోమ్ అని నిర్ధారిస్తే ఎఫ్07.81 వేసి, తలనొప్పి ఉంటే జి44.3 వర్గం నుంచి కోడ్ చేర్చాలి. ఎఫ్07.81 కింద ప్రస్తుత కంకషన్‌కు ఎక్స్‌క్లూడ్స్1 ఉంది కాబట్టి ఈ రెండింటినీ ఒకే సమయంలో నడుస్తున్నవిగా చూపకూడదు.

ఎంఆర్‌ఐలో పాత డిస్క్ అరుగుదల కనిపించింది. ఎస్ కోడా, ఎం కోడా?

ఇప్పటి తీవ్రమైన గాయం ఎస్ కోడ్లున్న 19వ అధ్యాయానికి, పాత లేదా దీర్ఘకాలిక సమస్య ఎం కోడ్లున్న 13వ అధ్యాయానికి వెళతాయి. ప్రమాదం వల్ల డిస్క్ చిరిగిందని డాక్టరు రాస్తే మెడకు ఎస్13.0, నడుముకు ఎస్33.0, వయసుతో వచ్చిన అరుగుదల అని రాస్తే ఎం కోడ్. రెండూ ఉన్నాయంటే రెండూ వేయవచ్చు. ప్రమాదానికీ డిస్క్‌కూ ముడి ఉందో లేదో తేల్చడం కోడర్ పని కాదు. క్లెయిమ్ డబ్బంతా ఆ ముడి మీదే ఆధారపడి ఉండవచ్చు కాబట్టి ఇక్కడ ఊహకు తావివ్వకుండా క్వెరీ పంపడమే సరైన మార్గం.

## ప్రమాద కారణం చెప్పే కోడ్లు

ప్రతి ఫాలో-అప్‌కూ వి కోడ్ వేయాలా?

గాయానికి చికిత్స జరుగుతున్నంత కాలం ప్రతి విజిట్‌కూ వేయవచ్చునని, ఆ విజిట్ గాయం కోడ్‌కు ఏ సెవెంత్ క్యారెక్టర్ ఉందో దీనికీ అదే ఉండాలని మార్గదర్శకం. కారు నడిపేవారు మరో కారు ఢీకొని గాయపడితే వి43.52ఎక్స్‌ఎ, కోలుకునే దశలో అదే వి43.52ఎక్స్‌డి. జాతీయ స్థాయిలో ఈ కోడ్లు తప్పనిసరి కాదు. రాష్ట్ర నిబంధనో పేయర్ షరతో ఉంటే తప్పనిసరి అవుతాయి. వాహన ప్రమాద క్లెయిములలో ఇవి లేకపోతే వివరాలు కోరుతూ ఉత్తరాలు రావడం మామూలే. వీటిని ఎప్పుడూ మొదటి నిర్ధారణగా పెట్టకూడదు.

నోట్‌లో "ఎంవీఏ" (మోటారు వాహన ప్రమాదం) అని తప్ప వివరమే లేదు.

ముందు ఎమర్జెన్సీ రికార్డు, అంబులెన్స్ రిపోర్టు మీకు అందుబాటులో ఉన్నాయేమో చూడండి. రోగి కారులో ఉన్నారని మాత్రమే తెలిస్తే వి49.9, అదీ తెలియకపోతే వి89.2 వేయాలి. తెలియని వివరాన్ని కల్పించి వి43లోకి వెళ్లరాదు.

జరిగిన చోటు, చేస్తున్న పని చెప్పే వై కోడ్లు కూడా ప్రతిసారీ వేయాలా?

అక్కర్లేదు. వై92, వై93, వై99 వర్గాలను మొదటి చికిత్స విజిట్‌లో ఒక్కసారే వాడతారు. ఫాలో-అప్‌లో కనిపిస్తే అవి పాత క్లెయిమ్ నుంచి కాపీ అయ్యాయని ఆడిటర్ ఇట్టే పట్టేస్తారు.

## విజిట్ ఛార్జీ విషయంలో

ఎముక విరుగుడు ఫాలో-అప్‌కు 99213 (క్లినిక్ విజిట్ సీపీటీ కోడ్) పంపితే డినయల్ (తిరస్కరణ) వచ్చింది. ఎందుకు?

చాలావరకు గ్లోబల్ పీరియడ్ వల్ల, అంటే చికిత్స ఛార్జీలోనే ఫాలో-అప్ కూడా కలిసిపోయే గడువు వల్ల. మణికట్టు దగ్గర రేడియస్ విరిగితే, సర్దకుండా కట్టు వేసే 25600 వంటి చికిత్సకు కూడా మెడికేర్ (అమెరికా ప్రభుత్వ ఆరోగ్య బీమా) లెక్కలో 90 రోజుల గ్లోబల్ ఉంది. ఆపరేషన్ అంటూ జరగలేదు కదా అని కొత్త కోడర్లు ఇక్కడే తడబడతారు. ఆ గడువులో అదే డాక్టరు చేసిన మామూలు ఫాలో-అప్‌కు 99024 వేసి, డబ్బు అడగకుండా నమోదు చేయాలి. ఎక్స్‌రేలు, తరువాత మార్చిన కట్లు విడిగా బిల్లు చేయవచ్చు. మొదటి కట్టు మాత్రం ప్యాకేజీలో కలిసిపోతుంది. అదే సర్జన్ ఆ 90 రోజుల్లో మణికట్టుతో సంబంధం లేని మెడ గాయాన్ని చూస్తే విజిట్ కోడ్‌కు 24 మాడిఫయర్ చేర్చి, మెడ గాయం కోడ్‌ను దానికి జతచేయాలి. ఎమర్జెన్సీ డాక్టరు స్ప్లింట్ వేసి ఆర్థోపెడిక్ సర్జన్‌కు పంపేస్తే ఎమర్జెన్సీ వైపు నుంచి గ్లోబల్ చికిత్స కోడ్ పంపకూడదు.

గ్లోబల్ లేని విజిట్‌కు 99213 ఎప్పుడు, 99214 ఎప్పుడు?

2021 జనవరి 1 నుంచి క్లినిక్ విజిట్ స్థాయిని వైద్య నిర్ణయాల సంక్లిష్టత గాని, ఆ రోజు వెచ్చించిన మొత్తం సమయం గాని నిర్ణయిస్తాయి. సమయం ప్రకారమైతే 99213కు కనీసం 20 నిమిషాలు, 99214కు 30 నిమిషాలు కావాలి. సంక్లిష్టత ప్రకారమైతే సమస్య, సమాచారం, ప్రమాద స్థాయి అన్న మూడింటిలో రెండు సరిపోవాలి. మామూలు బెణుకు తక్కువ స్థాయి సమస్య. కొద్దిసేపు స్పృహ తప్పిన తల గాయం మధ్యస్థ స్థాయి. ప్రమాదం పెద్దది కాబట్టి విజిట్ కూడా పెద్దదే అన్న లెక్క చెల్లదు.

## క్లెయిమ్ పంపేటప్పుడు

క్లెయిమ్ ఫారం సీఎంఎస్-1500లో ఏమేమి చూసుకోవాలి?

10బి గడిలో వాహన ప్రమాదం "అవును" అని, పక్కనే ప్రమాదం జరిగిన రాష్ట్రం అని ఉండాలి. ఆ రాష్ట్రం రోగి నివసించేది కాకపోవచ్చు. ప్రమాద తేదీకి 439 క్వాలిఫయర్ (ఆ తేదీ దేనిదో చెప్పే గుర్తు) వాడతారు. ప్రతి ఫాలో-అప్‌లోనూ ప్రమాద తేదీ అదే ఉండాలి; దాని స్థానంలో విజిట్ తేదీ పడితే క్లెయిమ్ పాత కేసుతో కలవదు. ఇన్సూరెన్స్ ఇచ్చిన కేసు నంబరు 11బి గడిలో వై4 క్వాలిఫయర్‌తో వెళుతుంది.

డబ్బు ఎవరిస్తారు? ఆరోగ్య బీమాకు నేరుగా పంపవచ్చా?

అది రాష్ట్రాన్ని బట్టి మారుతుంది. నో-ఫాల్ట్ పద్ధతి ఉన్న న్యూయార్క్‌లో తప్పు ఎవరిదైనా సొంత వాహన బీమా నుంచి ప్రాథమికంగా 50,000 డాలర్ల వరకు రక్షణ ఉంటుంది. మెడికేర్ రోగి అయితే వాహన నో-ఫాల్ట్ బీమా ముందు, మెడికేర్ తరువాత. ఈ క్రమం తప్పితే కోడింగ్ ఎంత సవ్యంగా ఉన్నా క్లెయిమ్ వెనక్కి వస్తుంది.

రోగి లాయరు ఆఫీసు కోడ్ మార్చమని అడుగుతోంది. మార్చవచ్చా?

లాయరు గాని, రోగి గాని, బీమా అడ్జస్టర్ గాని కోరారని కోడ్ మారదు. నోట్‌లో నిజంగా లోపం ఉంటే డాక్టరు తేదీతో, సంతకంతో అడెండం (నోట్‌కు చేర్పు) రాయాలి. ఆ రాత ఆధారంగా సరిదిద్దిన క్లెయిమ్ పంపాలి. ఇటువంటి అభ్యర్థన కోడర్‌కు నేరుగా వస్తే జవాబివ్వకుండా టీమ్ లీడ్ ద్వారా కంప్లయన్స్ విభాగానికి చేర్చాలి.

చికిత్స మధ్యలో, కొత్త కోడ్లు అమల్లోకి వచ్చే అక్టోబరు 1 దాటింది. పాత కోడ్ కొనసాగించవచ్చా?

ప్రతి విజిట్‌కూ ఆ తేదీన చెల్లుబాటులో ఉన్న కోడే వాడాలి. ప్రమాదం ఏ సంవత్సరంలో జరిగిందన్నది లెక్కలోకి రాదు. నడుము నొప్పికి ఉన్న ఎం54.5 కోడ్‌ను 2021 అక్టోబరు 1న ఎం54.50, ఎం54.51, ఎం54.59గా విడగొట్టినప్పుడు, సెప్టెంబరు విజిట్‌ను కాపీ చేసి పంపిన అక్టోబరు క్లెయిములు చెల్లని కోడ్ కింద తిరిగి వచ్చేవి. మార్పులు ఏప్రిల్ 1న కూడా రావచ్చు కాబట్టి ఆ రెండు తేదీలకు ముందే ఎన్‌కోడర్ (కోడింగ్ సాఫ్ట్‌వేర్) అప్‌డేట్ అయిందో లేదో చూసుకోవాలి.